సున్నా మీద పెట్టకూడదు

మా కొట్లో కాలాన్ని నడిపే యంత్రం ఒకటుంది. నవ్వేవాళ్లు నవ్వుకోండి, నాకు అలవాటే. నల్లటి పాతకాలపు ఫ్యాను రెగ్యులేటర్ అది. చేతి నిండుగా వచ్చే గుండ్రటి మీట, చుట్టూ సున్నా నుంచి ఐదు దాకా అంకెలు. తిప్పితే టక్కుమనే చప్పుడు ఇటు వీధిలోకీ అటు వంటింట్లోకీ కూడా వినబడుతుంది.

మేం అరటిపళ్ల వ్యాపారులం. గోదావరి వంతెన దిగాక హైవే పక్కన గెలల యార్డు, దాని ఎదురుగా మా కొట్టు, కొట్టు వెనకాలే ఇల్లు. కొట్టుకీ ఇంటికీ మధ్యలో కాయలు ముగ్గబెట్టే గది. రైతులు పచ్చి గెలలు తెస్తే ఆ గదిలో పెట్టి పండిస్తాం. తాతగారి రోజుల్లో గెలలు పేర్చి, కుంపట్లో పొగ పెట్టి, తలుపు సందులకి మట్టి మెత్తేవారు. పొగ గదంతా తిరగడానికి లోపల ఒక ఫ్యాను ఉండేదట. నేను పుట్టకముందే అది కాలిపోయింది. ఫ్యాను తీసేశారు, తీగలు కోసేశారు, బయట గోడకున్న రెగ్యులేటర్ని మాత్రం ఎవరూ పట్టించుకోలేదు. అలా ఏ పనీ లేకుండా మిగిలిపోయినదానికి మా నాన్నగారు ఉద్యోగం ఇచ్చారు.

నాకు బాగా చిన్నతనం. అమ్మ పుట్టింటికని నిడదవోలు వెళ్లింది. అమ్మ ఎప్పుడొస్తుందని నేను ఒకటే రాగం. నాన్నగారు నన్ను ఎత్తుకుని ఆ గోడ దగ్గరికి తీసుకెళ్లారు.

"ఏడవకమ్మడూ. ఇదేంటో తెలుసా? కాలం రెగ్యులేటర్. ఒకటి మీద పెట్టావనుకో, కాలం ఎడ్లబండిలా పోతుంది. ఐదు మీద పెట్టావనుకో, మెయిలు బండే. అమ్మ త్వరగా రావాలంటే ఎంత మీద పెడదాం?"

నేను ఐదు చూపించాను. నా చెయ్యి మీద తన చెయ్యి వేసి తిప్పించారు. ఆ సాయంత్రం బస్సుకే అమ్మ దిగింది. ఇంక నమ్మక చస్తానా?

"మరి సున్నా మీద పెడితే?" అని అడిగాను మర్నాడు.

"అమ్మో! సున్నా మీద పెట్టకూడదు."

"ఏం?"

"కాలం ఆగిపోదూ? కాయ పండదు. నువ్వు పెరగవు. మీ అమ్మ పొయ్యి మీద పెట్టిన పప్పు ఎప్పటికీ ఉడకదు. అప్పుడు మనం ఏం తింటాం, చెప్పు?"

పప్పు ఉడకదనేసరికి నాకు నిజంగానే భయం పట్టుకుంది. ఆ తరవాత ఎంత అల్లరి చేసినా సున్నా జోలికి మాత్రం పోలేదు.

ఒకటి మాత్రం నా సొంతం. వేసవి సెలవులు అయిపోవస్తున్నాయంటే స్టూలెక్కి, ఎవరూ చూడకుండా ఒకటి మీదికి తిప్పేదాన్ని. తిప్పేసి, పొగ పోయి తలుపు తెరిచిన వేళ చూసి, ముగ్గబెట్టే గదిలోకి దూరేదాన్ని. లోపల ముందు అంతా చీకటి. హైవే మీద లారీల హారన్లు నీళ్ల అడుగున కూర్చుని విన్నట్టు ఎక్కడో వినబడేవి. కాసేపటికి చీకట్లోంచి గెలలు ఒక్కొక్కటే తేలేవి. పచ్చిగా ఉన్నదొకటి, దాని పక్కన పసుపు తిరుగుతున్నదొకటి, ఆ పక్కన పూర్తిగా పండినదొకటి. నిన్న, ఇవాళ, రేపు మూడూ ఒకే వాసానికి పక్కపక్కనే వేలాడుతున్నాయనిపించేది. చెయ్యి చాపితే ఏది కావాలంటే అది అందుతుంది. ఆ తియ్యటి వాసనకి కళ్లు మూతలు పడేవి. ఒకటి మీద ఉందిగా, బడి తెరవడానికి ఇంకా బోలెడు టైముంది అనుకుంటూ గోనె సంచుల మీద నిద్రపోయేదాన్ని. కలలో మా ఊరి కాలవ బెల్లం పాకంలా మెల్లిగా జారేది, రేవులో బట్టలుతికేవాళ్ల చేతులు గాల్లోనే ఉండిపోయేవి, అమ్మ పిలుపు వంటింట్లోంచి బయల్దేరి నా దాకా రావడానికి ఒక పూట పట్టేది.

పిలుపు వచ్చేది కాదు గానీ అమ్మే వచ్చేది. "ఈ పిల్లకి ఈ గదిలో ఏం పెట్టి పోయారో!" అని రెక్క పట్టుకుని లాక్కెళ్లేది. కొట్లోంచి నాన్నగారి కేక: "ఎవరండీ బాబూ, నా కాలాన్ని ఒకటి మీద పెట్టింది? సరుకంతా ఆగిపోయింది!" యార్డులో ఉన్నవాళ్లందరూ నవ్వేవారు. నేను సిగ్గుతో అమ్మ కొంగులో తల దాచుకునేదాన్ని.

ఆయన గొంతు గురించి చెప్పాలి. యార్డులో గెలల వేలం పాట పాడేది ఆయనే. "ఒకటోసారీ... రెండోసారీ..." అని సాగదీశారంటే బస్టాండులో ఉన్నవాళ్లు కూడా తలతిప్పి చూసేవారు. ఇంట్లోనూ అదే గొంతు. మధ్యాహ్నం అమ్మ వంటింట్లోంచి "భోజనానికి రండీ" అని పిలిచేది. "ఆఁ, వస్తున్నా" అని కొట్లోంచి జవాబు. మనిషి వచ్చేవారు కాదు. మళ్లీ పిలిస్తే మళ్లీ "ఆఁ, వస్తున్నా." మూడో పిలుపుకి గానీ కుర్చీ కదిలేది కాదు.

"మీ నాన్నగారికి భోజనం కూడా వేలం పాటేనే. మూడోసారి అనేదాకా సరుకు దిగదు" అని అమ్మ సణిగేది. సణుగుతూనే అన్నం మీద మూత తీసేది. ఆయన ఎప్పుడొస్తారో ఆవిడకి తెలుసు.

రెగ్యులేటర్ సంగతి మెల్లిగా ఊరంతా పాకింది. పెళ్లికి తాంబూలాల పళ్లు కావాలంటే అదొక పెద్ద లెక్క. ఒక రోజు ముందైతే పచ్చి, ఒక రోజు ఆలస్యమైతే మచ్చలు. సరిగ్గా ఆ పూటకే పసుపుపచ్చగా నిగనిగలాడాలి. "శుక్రవారం పొద్దుటికి కావాలండి" అని ఎవరైనా వస్తే నాన్నగారు లేచి, గోడ దగ్గరికెళ్లి, పంతులుగారు తిథి చూసినట్టు కళ్లు మూసుకుని, టక్ టక్ మని తిప్పి, "మూడు మీద పెట్టానండి. నిశ్చింతగా వెళ్లిరండి" అనేవారు. అసలు పని చేసేది లోపలున్న పొగ. అయినా ఆ టక్కులు చెవిన పడితే గానీ వచ్చినవాళ్లకి తృప్తి ఉండేది కాదు. భీమవరం నుంచి వచ్చిన రొయ్యల చెరువుల ఆసామి ఒకాయన, "నా చెరువు గట్టు మీద కూడా ఇలాంటిదొకటి బిగించండి బాబూ, మీకు పుణ్యముంటుంది" అని మరీ మరీ అడిగి వెళ్లారు.

హైస్కూల్లో ఉండగా గోడలకి సున్నం వేస్తూ దాన్ని విప్పి కింద పెట్టారు. వెనక్కి తిప్పి చూస్తే తెగిన తీగ ముక్కలు రెండు, దుమ్ము పట్టిన టేపూ కనిపించాయి. ఏడుపొచ్చిందా అంటే రాలేదు. ఎవరూ చూడకముందే మళ్లీ బోర్లా పెట్టేశాను. తరవాత పరీక్షలొచ్చాయి. చదివింది తక్కువ, మిగిలింది ఎక్కువ. వెళ్లి ఒకటి మీదికి తిప్పాను. నాన్నగారు చూశారు, ఏమీ అనలేదు. నాకు తెలుసని ఆయనకి తెలుసు, ఆయనకి తెలుసని నాకూ తెలుసు. ఆట ఆపడానికి మా ఇద్దరికీ మనసు రాలేదు.

ఇప్పుడు కొట్టు నేనే చూస్తున్నాను. మా ఆయన పక్క ఊళ్లో మాస్టారు, కాబట్టి పెళ్లయినా నేను ఈ వీధి దాటి వెళ్లలేదు. పొగ రోజులు పోయాయి. పాత గదినే రెండు చేసి చలిమిషన్లు పెట్టించాను. ఒక గది ముగ్గబెట్టడానికి. రెండోది చిన్నది, లారీ ఆలస్యమైతే పండిన సరుకు ఇంకా ముందుకు పోకుండా ఆపి ఉంచడానికి. లోపల వాసన మాత్రం అదే. ఇప్పటికీ ఎవరూ లేనప్పుడు తలుపేసుకుని కాసేపు నిలబడతాను. మిషను బిగించడానికి వచ్చిన మెకానిక్కు గోడ మీది రెగ్యులేటర్ చూసి, "ఇది పీకేద్దామా మేడం?" అన్నాడు. "చెయ్యి విరుగుతుంది" అన్నాను. పాపం, మళ్లీ దాని వైపు చూడలేదు.

నాన్నగారి గొంతు ముందు బొంగురుపోయింది. వేలం పాడి పాడి అలా అయిందనుకున్నాం. అమ్మ మిరియాల కషాయం కాచి పోసింది. తగ్గలేదు. ఒకరోజు "రెండోసారీ" దగ్గర గొంతు తెగిపోయి, మూడోసారి ఇంకెవరో అనాల్సి వచ్చింది. ఆ మర్నాడే రాజమండ్రి తీసుకెళ్లాం.

పరీక్షలన్నీ అయ్యాక డాక్టరుగారు మా ముగ్గుర్నీ కూర్చోబెట్టి చెప్పారు. "గడ్డ మంచిది కాదండి. స్వరపేటిక మొత్తం తీసేయాలి. ఇప్పుడు తీస్తే మనిషి దక్కుతారనే నా నమ్మకం. ఆలస్యం చేస్తే పాకిపోతుంది, అప్పుడు నేను చేయగలిగింది ఉండదు."

"మాట?" అంది అమ్మ.

"మాట ఉండదమ్మా. తరవాత్తరవాత వేరే పద్ధతిలో సాధన చేయిస్తాం గానీ, ఈ గొంతు మాత్రం ఉండదు."

అమ్మ నా చెయ్యి పట్టుకుంది. నాన్నగారు గొంతు సవరించుకున్నారు. "ఒక్క మాటండి. మా పెరట్లో అమృతపాణి గెల వేసింది. మా నాన్నగారి తోటలోంచి తెచ్చుకున్న పిలకండి. తెగులొచ్చి ఎన్నిసార్లో చచ్చి, ఎన్నాళ్లకో మళ్లీ గెల వేసింది. బాగా ముదిరింది. కోసి ముగ్గేస్తాను. అది పండిన రోజున ఒక్క పండు తిని, ఎలా ఉందో మా వాళ్లకి నా నోటితో చెప్పి వచ్చేస్తాను."

డాక్టరుగారిదీ కోనసీమే. అమృతపాణి పేరు వినేసరికి ఆయనకీ నవ్వొచ్చింది. "ఎన్నాళ్లు పడుతుందండీ?"

"వారం చాలండి."

"వారమే. దాటితే ఒప్పుకోను. గెల కంటే మీరు ముఖ్యం."

ఇంటికొచ్చిన రోజే నాన్నగారు గెల కోశారు. భుజం మీద పెట్టుకుని తనే మోశారు. "దీని సంగతి నేను చూసుకుంటాను. ఈ ఒక్కదానిలో నువ్వు వేలు పెట్టకు" అన్నారు నాతో. సరేనన్నాను.

ఆ వారం ఎలా గడిచిందంటే, నాకు ఇప్పటికీ ఒక పొడుగాటి మధ్యాహ్నంలా గుర్తుంది. వేపచెట్టు నీడ గోడ మీద కదలనట్టే ఉండేది. నాన్నగారు అరుగు మీద కూర్చుని ఆ మిగిలిన బొంగురు గొంతుతోనే కబుర్లు చెబుతూ ఉండేవారు. చిన్నప్పుడు గోదావరి ఈదబోయి మధ్యలోంచి వెనక్కి రావడం, పెళ్లిచూపుల్లో అమ్మ తల ఎత్తకపోతే ఈయనే తల వంచి చూడటం, అన్నీ. వీధిలో పోయేవాళ్లు ఆగి కూర్చునేవారు. సాయంత్రం అడిగేదాన్ని, "ఎలా ఉంది నాన్నగారూ, గెల?" అని. "పచ్చగానే ఉందమ్మా, ఇంకా టైముంది" అనేవారు. హమ్మయ్య అనిపించేది. వెంటనే భయమూ వేసేది. గెల త్వరగా పండాలి, రోజులు మెల్లిగా పోవాలి. ఒక్క మీటతో రెండూ ఎలా కుదురుతాయి? నాకు తోచేది కాదు. దాని వైపు చూడకుండానే లోపలికెళ్లిపోయేదాన్ని.

వారం దాటింది. డాక్టరుగారే ఫోన్ చేశారు. "ఇంకా రంగు తిరగలేదండి, అమృతపాణి కదా, మొండిది" అన్నారు నాన్నగారు. "ఇంకొక్క రెండు రోజులు చూద్దాం." ఆ రెండూ అయ్యాయి. మళ్లీ ఫోన్. మళ్లీ అదే మాట. ఈసారి డాక్టరుగారు ఫోన్ నాకిమ్మని, గట్టిగానే కోప్పడ్డారు. "నేను చెప్పింది మీకు అర్థమైందా అమ్మా? ఆయన ప్రాణంతో ఆడుకుంటున్నారు."

ఫోన్ పెట్టాక అప్పుడు బుర్ర పనిచేసింది. అరటిపళ్లలో పుట్టి పెరిగినదాన్ని. ముదిరిన గెల ముగ్గేస్తే ఇన్నాళ్లయినా రంగు తిరగలేదంటే ఎలా నమ్మాను? నమ్మాలనిపించి నమ్మాను, అంతే. తిన్నగా వెళ్లి ముగ్గబెట్టే గది తలుపు తీశాను. గెలలన్నీ ఉన్నాయి, అది లేదు.

చిన్న గది తెరిచాను. చలి ముఖాన కొట్టింది. మిషను ఎప్పుడూ పెట్టనంత కిందికి పెట్టి ఉంది. మూల గోనె సంచి కప్పి ఉంటే లాగాను. పచ్చగా ఉంది గెల. కాని అది మామూలు పచ్చదనం కాదు. మిషను వైపున్న పైఅత్తాల మీద, అంటే గెల పై వరసల కాయల మీద, బూడిద రంగు కమ్ముతోంది. మరీ చలి తగిలిన కాయ పండదు. పచ్చిగానే ఉండి లోపల చచ్చిపోతుంది. ఇది నాకు నేర్పింది ఆయనే.

నాకు ఒళ్లు మండిపోయింది. బయటికి వచ్చేసరికి నాన్నగారు గోడ దగ్గర నిలబడి ఉన్నారు. తలుపు చప్పుడు విన్నట్టున్నారు. చెయ్యి రెగ్యులేటర్ మీద ఉంది. అది సున్నా మీద ఉంది.

"సున్నా మీద పెట్టకూడదని మీరే కదండీ చెప్పారు!" అని అరిచాను. లోపల భయం, పైకి కోపం. నా సంగతి ఎప్పుడూ అంతే.

ఆయన నా వైపు చూడలేదు. "భయమేస్తోందమ్మా" అన్నారు. "చావంటే కాదు. మీ అమ్మ పిలుస్తుంది. నేను పలకలేను. ఎన్నేళ్ల నుంచో పలుకుతున్నాను దానికి. ఆ ఒక్కటీ తలుచుకుంటే చేతులు ఆడటం లేదు. అందుకని ఆపేద్దామనుకున్నాను."

నా కోపం ఎటు పోయిందో తెలియదు. ఏడుపొచ్చేసింది. "మీరే లేకపోతే అమ్మ ఎవర్ని పిలుస్తుంది నాన్నగారూ?" అన్నాను.

ఆయన చెయ్యి మీట మీదే ఉంది. వీధిలో ఆటో ఒకటి వెళ్లింది. ముక్కు తుడుచుకుని, ఇంకేం చెప్పాలో తెలియక వ్యాపారం మాటే చెప్పాను. "కాయకి చలి తగిలిందండి. పైఅత్తాలు బూడిద తిరిగాయి."

"అయ్యయ్యో!" అని ఆ మనిషి ఒక్క ఉదుటున లోపలికి వెళ్లారు. గెల ముందు చతికిలబడి, ఒక్కో అత్తం కిందికీ చెయ్యి పోనిచ్చి తడిమారు. "పైవి పోయాయి. లోపలివి బాగానే ఉన్నాయమ్మా. ఇవాళే తీసేస్తే దక్కుతాయి. ఇంకా ఆలస్యం చేస్తే..." అని ఆగిపోయారు. డాక్టరుగారి మాటే తన నోట్లోంచి వచ్చిందని ఆయనకీ తెలిసింది.

తరవాత లేచి గెల భుజానికెత్తుకున్నారు. బయటికొచ్చి గోడ దగ్గర ఆగి, రెండో చేత్తో మీట తిప్పారు. ఎంత మీద పెట్టారో నేను చూడలేదు. సున్నా మీద మాత్రం లేదు. ఆ సాయంత్రమే డాక్టరుగారికి తనే ఫోన్ చేసి, ఆయనిచ్చిన రోజుకి వస్తానని ఒప్పుకున్నారు.

మంచి అత్తాలు కోసి ఇస్తే అమ్మ బియ్యం డబ్బాలో కప్పెట్టింది. ఆస్పత్రికి బయల్దేరే పొద్దుటికి తీసి చూస్తే, కొన్ని పండాయి. తొక్క మీద మచ్చలున్నాయి గానీ వాసన ఇల్లంతా నిండింది. నాన్నగారు ఒకటి వలిచి సగం అమ్మ చేతిలో పెట్టి, మిగతా సగం కళ్లు మూసుకుని తిన్నారు. "ఎలా ఉందండీ?" అంది అమ్మ. "మా నాన్నగారి తోటలో ఉన్నట్టుంది" అన్నారు. నేను ఫోన్ తీసి రికార్డు పెట్టి, ఇంకోసారి చెప్పమన్నాను. ఫోన్ చూడగానే మనిషి బిగుసుకుపోయి, "అందరికీ నమస్కారమండీ. ఈ పండు చాలా బాగున్నది" అని సభలో మాట్లాడినట్టు మాట్లాడారు. అమ్మ నవ్వీ నవ్వీ, "తీసేయవే బాబూ, అదెవరి గొంతో" అంది. తీసేశాను.

ఆపరేషన్ థియేటర్ తలుపు దగ్గర అమ్మ మంచం పక్కనే నడుస్తూ, "త్వరగా వచ్చేయండీ" అంది.

"ఆఁ, వస్తున్నా" అన్నారు నాన్నగారు. తలుపు మూసుకుంది.

వచ్చారు. కాస్త చిక్కి, మెడకి చిన్న గొట్టంతో, మామూలుగానే ఇంటికి వచ్చారు. గడ్డ అంతా తీసేశామని డాక్టరుగారు చెప్పారు. సాధన తరవాత మొదలుపెడదామన్నారు. మేం సంతోషించాలి, సంతోషించాం కూడా. కాని ఇల్లు మాత్రం బావి అడుగులా అయిపోయింది. పలక కొనిస్తే దాన్ని మంచం కిందికి తోశారు. ఫోన్‌లో తెలుగు టైపు చేయడం నేర్పిస్తే, కాఫీ అడగబోయి ఇంకేదో అక్షరం పడి, విసుగొచ్చి పక్కన పడేశారు. కొట్లోకి వచ్చి నా ముందు కూర్చోవడం మానేశారు. కుర్చీ వెనక్కి లాక్కుని, ముగ్గబెట్టే గది గోడకి ఆనుకుని, వీధికి కనబడకుండా కూర్చునేవారు.

అలవాటు కొద్దీ అమ్మ మొదటి రోజు "భోజనానికి రండీ" అని కేకేసింది. కేకేసి, గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. జవాబు రాలేదు. ఆ తరవాత పిలవడం మానేసింది. తనే కొట్లోకి వచ్చి, భుజం మీద చెయ్యి వేసేది. వెంటనే లేచి వచ్చేసేవారు. ఆ వెంటనే రావడమే అమ్మకి సహించలేదు. అన్నం వడ్డిస్తూ మొహం పక్కకి తిప్పుకునేది.

శ్రావణమాసం దగ్గరపడింది. ఒకరోజు భోజనాల వేళకి కాస్త ముందు, నిడదవోలు నుంచి ఒక పెద్దమనిషి వచ్చాడు. మనవరాలి పెళ్లి. నాన్నగారి సంగతి ఆయనకి తెలియదు. "బాబుగారు లేరా అమ్మా? మా అమ్మాయి పెళ్లికి కూడా ఆయనే ఇచ్చారు పళ్లు. శుక్రవారం పొద్దుటికి కావాలి. ఆ రెగ్యులేటర్ తిప్పమని చెప్పు" అన్నాడు గట్టిగా.

నేను ఏదో సర్దిచెప్పబోయాను. నోరు తెరిచేలోగా వెనకాల నుంచి వినబడింది.

టక్. టక్. టక్.

"ఆఁ, మూడు మీద పెట్టారు. ఇంక నాకు బెంగ లేదు" అని పెద్దాయన చేతులు జోడించి వెళ్లిపోయాడు. నేను వెనక్కి తిరిగి చూడలేదు. చూస్తే ఏడుస్తానని తెలుసు. పళ్ల అత్తాలు అటూ ఇటూ సర్దుతూ నిలబడ్డాను.

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగింది. అమ్మ కూడా విన్నట్టుంది. తరవాత, ఎన్నాళ్లకో, వంటింట్లోంచి గొంతు వచ్చింది. కొంచెం వణికింది గానీ కేకే.

"భోజనానికి రండీ!"

టక్.

నా చేతిలోని అత్తం అలాగే ఉండిపోయింది. అమ్మ మళ్లీ పిలిచింది, ఈసారి ఇంకా గట్టిగా.

టక్.

మనిషి కదల్లేదు. కుర్చీ చప్పుడు లేదు. వంటింట్లోంచి అన్నం మీద మూత తీసిన చప్పుడు వినబడింది. అప్పుడు అమ్మ మూడోసారి పిలిచింది. కుర్చీ కిర్రుమంది, నాన్నగారు లేచి లోపలికి వెళ్లారు.

"చూశావటే, ఈయన మారరు. మూడోసారి అనేదాకా రారు" అంది అమ్మ, కొంగుతో కళ్లు తుడుచుకుంటూ. నేను కొట్టు తలుపు సగం చేరవేసి, కాళ్లు కడుక్కుని వెళ్లి వాళ్ల పక్కన పీట వేసుకున్నాను. ఆ రోజు పప్పు బాగా ఉడికింది.